రెండింటికి మానేశాం

సాయంత్రం ఆరున్నరకి పెద్దకోడలు వంటింట్లోంచి కంచం తెచ్చి మరిది ముందు పెట్టింది. కంచంలో ఏమీ లేదు.

మరిది ఫోన్ చూస్తూనే కంచంలో చెయ్యి పెట్టాడు. వేళ్లకి స్టీలు తగిలింది. అప్పుడు తలెత్తాడు.

“ఏంటి వదినా, కూర ఇంకా పొయ్యి మీదే ఉందా?”

“పొయ్యి వెలిగించలేదు. వండటం మానేశాను.”

“అదేంటి?”

“అదే. ఎన్నింటికి మానేశావని అడుగు, చెప్తాను. ఎవరైనా మానెయ్యమన్నారా అని కూడా అడుగు. ఎవరూ అనలేదు, నా అంతట నేనే మానేశాను. రాసుకో. రేపు మీ లాయరుకి అప్పజెప్పు.”

గోడ పక్క మంచం మీద అత్త బట్టలు మడతపెడుతోంది. ఆవిడ చేతులు ఆగాయి.

మరిది ఫోన్ బోర్లా పెట్టి నవ్వాడు. ఆసుపత్రి లాండ్రీలో సూపర్‌వైజర్ అయినప్పటి నుంచి అతను అలాగే నవ్వుతున్నాడు, పళ్లు కనిపించకుండా.

“పొద్దున్నుంచి ఏమీ తిన్నట్టు లేవు. ఆకలి మీద మాట్లాడకు వదినా.”

“ఆకలి కాదు. ఇవాళ అన్న మాట ఇంకా నోట్లోనే ఉంది.”

కార్మికశాఖ కార్యాలయం నుంచి ఇంటికి రాగానే ఆమె నోరు కడుక్కుంది. కాసేపటికి మళ్లీ కడుక్కుంది. నోట్లోంచి ఆ మాట పోలేదు.

జరిగింది ఇది. ఆసుపత్రిలో దుప్పట్లు, గౌన్లు ఉతికే లాండ్రీలో పదకొండు మంది ఆడవాళ్లని కాంట్రాక్టరు పనిలోంచి తీసేశాడు. ఆపరేషన్ గదిలోంచి వచ్చిన మూటలో సూది ఉండి ఒకామె అరచేతిలో దిగింది. దాంతో పదకొండు మందీ కలిసి వెళ్లి మందపాటి చేతి తొడుగులు కావాలని అడిగారు. గురువారం అడిగారు. శుక్రవారం పొద్దున గేటు దగ్గర కార్డు పెడితే ఎర్ర లైటు వెలిగింది, గేటు తెరుచుకోలేదు. ఒక్కరికి కాదు, అందరికీ. కారణం చెప్పినవాళ్లు లేరు. “లోపల్నుంచి చెప్పారమ్మా, నా మీద పడకండి” అన్నాడు వాచ్‌మన్.

వాళ్లు ఫిర్యాదు పెట్టారు. ఇవాళ మొదటి విచారణ. అందరి తరఫునా పెద్దకోడలే మాట్లాడాలని అనుకున్నారు. లాండ్రీలో అందరికంటే పాతది, నలుగురిలో తడబడని మనిషి.

కాంట్రాక్టరు తరఫు లాయరు కుర్చీ జరిపి కూర్చోమన్నాడు. ఫ్యాను ఆమె వైపు తిప్పాడు. తరవాత అడిగాడు.

“గురువారం మీరు ఎన్నింటికి మానేశారమ్మా?”

“రెండింటికి మానేశామండీ.”

“మీరొక్కరేనా, అందరూనా?”

“అందరం కలిసే మానేస్తాం గదండీ.”

“మానెయ్యమని సూపర్‌వైజర్ గానీ, ఇంకెవరైనా గానీ చెప్పారా?”

“ఎవరూ చెప్పక్కర్లేదండీ. మేమే మానేస్తాం.”

లాయరు కృతజ్ఞతలు చెప్పి కూర్చున్నాడు. విచారణ అధికారి రాసింది పైకి చదివాడు. గురువారం మధ్యాహ్నం రెండు గంటలకు కార్మికులందరూ ఎవరి ఒత్తిడీ లేకుండా తమంతట తామే పని మానేసినట్టు వారి ప్రతినిధి ఒప్పుకున్నారు. అది చెవిన పడేదాకా పెద్దకోడలికి తను ఏమందో తెలియలేదు.

లాండ్రీలో షిఫ్టు దిగడాన్ని మానేయడం అంటారు. ‘ఇవాళ ఎన్నింటికి మానేస్తావే?’ అంటే ఇంటికి ఎప్పుడు బయల్దేరతావని. రోజూ రెండింటికి మానేసి, మర్నాడు ఆరింటికి మళ్లీ ఎక్కుతారు. ఆ మాట ఆ గోడల మధ్యే చెల్లుతుంది. గేటు దాటితే మానేయడం అంటే ఉద్యోగం వదులుకోవడమే.

“ఆ లాయరు జన్మలో మన లాండ్రీ గుమ్మం తొక్కలేదు,” అంది పెద్దకోడలు. “ఎన్నింటికి దిగారు అనడగాలి, ఎన్నింటికి వెళ్లారు అనడగాలి. ఎన్నింటికి మానేశారు అని అడగమని ఆయనకి ఎవరు నేర్పారు?”

“నన్నడిగితే?”

“నిన్నే అడుగుతున్నాను.”

“కంచం ముందు ఈ గొడవలేంటే?” అంది అత్త.

“కంచంలో ఏముందని అత్తయ్యా, గొడవ పడితే పాడైపోవడానికి?”

మరిది కంచం పక్కకి జరిపాడు. “వాళ్లు పిలిచారు. లోపల ఎలా మాట్లాడుకుంటారు, ఏ పనిని ఏమంటారు అనడిగారు. చెప్పాను. అందులో అబద్ధం ఏముంది? నీ నోట్లో మాట నేనేమైనా కుక్కానా?”

“కుక్కలేదు. ఉన్న మాట పట్టుకెళ్లి వాళ్ల చేతిలో పెట్టావు.”

“నాది మాత్రం పర్మినెంటు ఉద్యోగమా? నేనూ కాంట్రాక్టే. చెప్పకపోతే మర్నాడు నా కార్డుకీ ఎర్ర లైటే. అప్పుడు పన్నెండోవాడిగా మీ వెనకాల నిలబడనా?”

“నిలబడితే ఏం పోయేది?”

“ఏం పోయేదా! అడుగు, అమ్మని అడుగు ఏం పోయేదో.”

అత్త మడత పెట్టిన చొక్కా విప్పి మళ్లీ మడత పెట్టింది. అది మరిది చొక్కా.

అతన్ని లాండ్రీకి తీసుకెళ్లింది పెద్దకోడలే. అప్పటికి అతనికి ఏ పనీ లేదు. మురికి మూటలు మోసే పనిలో పెట్టించింది. మొదటి రోజు మూట విప్పగానే ఆ వాసనకి అక్కడికక్కడే కక్కాడు. ఎవరూ చూడకుండా తనే కడిగింది, తన కొంగుతోనే అతని మూతి తుడిచింది. దుప్పట్లు ఇస్త్రీ చేసే రోలరు దగ్గర ఎలా నిలబడాలో, కేక వినపడితే చేతులు ఎలా ఎత్తాలో తనే నేర్పింది. ఆ మాట కూడా తను నేర్పిందే.

తలుపు నెట్టుకుని పెయింటరు లోపలికి వచ్చాడు. పెద్దకొడుకు. కిరసనాయిలు గుడ్డతో చేతులు తుడుచుకుంటూ ముగ్గురి మొహాలూ చూశాడు. ఖాళీ కంచం చూశాడు.

“అప్పుడే తినేశావురా?” అన్నాడు తమ్ముడితో.

ఎవరూ నవ్వలేదు.

“నీ పెళ్లాం వండటం మానేసిందట,” అంది అత్త.

“ఎందుకు?”

“నీ తమ్ముణ్ణి అడుగు,” అంది పెద్దకోడలు.

తమ్ముడు చెప్పాడు. వదిన చెప్పింది. పెయింటరు రెండూ విన్నాడు. గుడ్డని ఇటు మడిచాడు, అటు మడిచాడు.

“ఇప్పుడేగా వచ్చాను. పొద్దున మాట్లాడుకుందాం.”

“పొద్దున పదకొండింటికి మళ్లీ విచారణ ఉంది. ఇప్పుడే మాట్లాడు.”

“నన్నేం మాట్లాడమంటావ్? వాడూ నావాడే, నువ్వూ నాదానివే.”

“నీకేం, గోడకి రెండు వైపులా ఒకే రంగు కొట్టేసి నిచ్చెన దిగిపోతావు.”

పెయింటరు గుడ్డ అరుగు మీద పడేసి బయటికి వెళ్లాడు. కాసేపటికి హోటలు నుంచి నాలుగు పొట్లాలు తెచ్చాడు. తన వరకూ ఆ సమస్యకి పరిష్కారం అది. అత్త ఒకటి తీసుకుంది. పెయింటరు ఒకటి తీసుకున్నాడు. మరిది ఒకటి తిని, వదిన పొట్లం వైపు చూసి, “నువ్వెలాగూ తినవు గదా” అని దాన్ని కూడా విప్పాడు. చివర్లో వేళ్లు ఒక్కొక్కటే నాకాడు.

పెద్దకోడలు లాండ్రీలో చీము గుడ్డలు పట్టుకుంది, రక్తం గడ్డకట్టిన దుప్పట్లు విదిలించింది. ఎన్నడూ మొహం తిప్పుకోలేదు. ఇప్పుడు తిప్పుకుంది.

ఏడున్నరకి సందులోంచి కేక వినిపించింది. గొంతు తెలిసిందే. లాండ్రీలో మిషన్లన్నీ తిరుగుతున్నా ఆ గొంతు ఒక్కటే మిషన్ల మీద తేలుతుంది. అందుకే ఆమెని అందరూ రేడియో అంటారు. పదకొండు మందిలో ఒకతె.

“అక్కా! బయటికి రా. లోపలికి నేను రాను. మీ ఇంట్లో సూపర్‌వైజర్ వాసనొస్తోంది.”

మరిది లేచి ఫోన్ తీసుకుని డాబా మీదికి వెళ్లాడు.

రేడియోతో లాయరమ్మ కూడా వచ్చింది. పదకొండు మంది కేసూ చూస్తున్నది ఆవిడే. స్కూటీ స్టాండు వేసి, హెల్మెట్ చేతికి తగిలించుకుని గోడకి ఆనుకుంది.

“ఎవరూ చెప్పక్కర్లేదండీ, మేమే మానేస్తాం!” రేడియో చేతులు తిప్పుతూ అంది. “అబ్బ, ఎంత బాగా చెప్పావక్కా. అడగనిదానికి కూడా జవాబు చెప్పావు. ఇంకాసేపు కూర్చోబెడితే లాండ్రీ కూడా మేమే తగలబెట్టామని ఒప్పుకునేదానివి.”

“నన్ను తిట్టు. తిట్లు నాకే రావాలి.”

“తిట్టడానికే వచ్చాను. సాయంత్రం నుంచి అందరూ మా ఇంట్లోనే ఉన్నారు. ఒకతె ఏడుపు, ఒకతె శాపాలు. మా ఆయన మంచం కింద దూరాడు.”

“ఇక చాలు,” అంది లాయరమ్మ. “విషయం ఇదమ్మా, ఇద్దరూ వినండి. కాంట్రాక్టు వాళ్లు కదా, ఎప్పుడైనా పొమ్మనొచ్చు అని వాళ్లు ఊరంతా చెప్పుకుంటున్నారు. అది తప్పు. నోటీసు లేకుండా, తప్పు చూపించకుండా, తొడుగులు అడిగినందుకు గేటు మూసేస్తే అది అన్యాయంగా తీసెయ్యడమే. కాంట్రాక్టరుదే కాదు, ఆసుపత్రిది కూడా బాధ్యత. ఆ పని ఆసుపత్రిదే కదా. తీసేశారని తేలితే మళ్లీ పనిలోకి తీసుకోక తప్పదు. అంతవరకూ మనదే పైచెయ్యి.”

“మరి?”

“మీ అంతట మీరే మానేశారని తేలితే, తీసెయ్యడం అనేదే జరగనట్టు. జరగనిదాని మీద ఫిర్యాదేంటి? కొట్టేస్తారు. కేసంతా ఇప్పుడు ఆ ఒక్క మాట మీద ఉంది.”

పెద్దకోడలు గోడ మీది సున్నం గోటితో గీకింది.

“ఆ మాటకి లాండ్రీలో వేరే అర్థం ఉందని నేను చెప్పాను,” అంది లాయరమ్మ. “అధికారి మూర్ఖుడు కాదు, విన్నాడు. కానీ మీరు పదకొండు మందీ చెబితే లాభం లేదన్నాడు. ఫిర్యాదులో లేని మనిషి, ఆ లాండ్రీలో పనిచేసిన మనిషి ఎవరైనా వచ్చి చెప్పాలన్నాడు. రేపు పదకొండింటికి.”

“ఇంకా లాండ్రీలో పనిచేస్తున్నవాళ్లెవరూ రారు,” అంది రేడియో. “అడిగి చూశాను. తలుపులేసుకున్నారు. ఒకతె అయితే నేను కనపడగానే కిటికీ కూడా మూసింది. ఎండాకాలం అక్కా, ఉడికి చస్తుంది లోపల.”

“అసలీ మాట ఎక్కణ్ణించి వచ్చింది?” లాయరమ్మ అడిగింది. “షిఫ్టు దిగడాన్ని మానేయడం అని ఇంకెక్కడా వినలేదు నేను.”

పెద్దకోడలు చెప్పింది. లాండ్రీలో పెద్ద రోలరు ఉంది. తడి దుప్పటి అంచులు పట్టుకుని ఇద్దరు మనుషులు దాన్ని రెండు వేడి రోలర్ల మధ్యకి పెడతారు. పూర్వం ఒకామె వేళ్లు దుప్పటితో పాటు లోపలికి పోయాయి. పక్కనున్నవాళ్లు ‘ఆపు, ఆపు’ అని అరిచారు. ఆవిరి రొదలో ఎవరికీ వినపడలేదు. పొట్టి మాట, పెదాలు మూసుకోగానే అయిపోతుంది. ఆ రోజు నుంచి బాయిలరు మేస్త్రి ‘మానేయ్’ అని సాగదీసి అరవడం మొదలుపెట్టాడు. ఆ కేక చివరి మిషను దాకా వెళ్తుంది. అది వినగానే ఎక్కడివాళ్లు అక్కడ చేతులెత్తాలి. షిఫ్టు అయినా అదే కేక. అలా షిఫ్టు దిగడం మానేయడం అయింది.

“ఆ మేస్త్రి ఉన్నాడా?”

“పోయాడు.”

“చెయ్యి కాలినావిడ?”

రేడియో పెద్దకోడలి మొహం చూసింది. పెద్దకోడలు కిటికీ వైపు చూసింది.

లోపల అత్త నీళ్లు తాగుతోంది. గ్లాసు ఎడమచేత్తో పట్టుకుంది. కుడిచేతి మీద రెండు వేళ్లు ఒకదానికొకటి అతుక్కుపోయి ఉంటాయి. గ్లాసు పట్టుకోవడానికి ఆ చెయ్యి పనికిరాదు.

“మీ అత్తగారా?” అంది లాయరమ్మ. గొంతు తగ్గించింది. “బంధువైనా ఫర్వాలేదు. ఆ సంగతి మనమే ముందు చెప్పేద్దాం. ఆ చెయ్యి చూపించి రెండు ముక్కలు చెబితే చాలు.”

“ఆవిడ చిన్నకొడుకు వాళ్ల సూపర్‌వైజరండీ.”

“తెలుసు. అందుకే నేను అడగను. నువ్వే అడగాలి.”

వాళ్లు వెళ్లాక పెద్దకోడలు లోపలికి వచ్చింది. పెయింటరు పడుకుని గోడ వైపు తిరిగి ఉన్నాడు. నిద్రపోలేదు. నిద్రపోతే అతను గురక పెడతాడు.

ఆమె అత్త మంచం దగ్గర కింద కూర్చుంది.

“సందులో మాటలన్నీ విన్నారు గదా అత్తయ్యా.”

“రేడియో ఉంటే వినకుండా ఎలా ఉంటాను? నాలుగు వీధులు విన్నాయి.”

“అయితే మళ్లీ చెప్పక్కర్లేదు.”

డాబా మీద మరిది అటూ ఇటూ నడుస్తూ ఫోన్లో మాట్లాడుతున్నాడు. చెప్పుల చప్పుడు వినిపిస్తోంది.

“వాడు చేసింది పాడు పనే,” అంది అత్త. “నేను కాదనను.”

“కాదనక్కర్లేదు. ఉన్నది చెప్పండి చాలు.”

“నేను పోయి చెబితే సాయంత్రానికి వాణ్ణి తీసేస్తారు.”

“మమ్మల్ని తీసేశారు. పదకొండు మందిని.”

“వాళ్లు నా కడుపున పుట్టలేదు.”

“నేనూ పుట్టలేదు.”

అత్త ఆమె వైపు చూసింది. “నిన్ను నేను ఎప్పుడైనా వేరుగా చూశానా? ఉద్యోగం వదిలినప్పుడు ఆ రోలరు దగ్గర నా చోటు నీకే ఇప్పించాను. పెద్దోడికి చెప్పానా, వాడికి చెప్పానా? నీకే.”

“చూడలేదు. అందుకే అడుగుతున్నాను.”

“ఈ వయసులో నన్ను ఆఫీసుల చుట్టూ తిప్పుతావా?”

“ఆటో ఎక్కిస్తాను. బెంచీ ఉంది, కూర్చోవచ్చు. ఈ చెయ్యి చూపించండి. మేస్త్రి ఏమని అరిచేవాడో చెప్పండి. చిన్నోడి పేరు ఎత్తక్కర్లేదు. వాడి సంగతి ఎవరూ అడగరు.”

“అడగకపోయినా తెలుస్తుందే. వాడు చెప్పిన మాటని వాడి తల్లే తిప్పికొట్టిందంటారు. వాడింకెక్కడ తలెత్తుకుంటాడు?”

“వాడి తలకేం అత్తయ్యా? బాగానే ఉంది. ఇందాక రెండు పొట్లాలు తిన్నాడు.”

గోడ వైపు తిరిగిన పెయింటరు దగ్గాడు.

“నువ్వు లేచి మాట్లాడొచ్చు,” అంది పెద్దకోడలు అటు చూడకుండా.

పెయింటరు లేవలేదు. “అమ్మ ఇష్టం,” అన్నాడు దుప్పట్లోంచి.

“అమ్మ ఇష్టం! విన్నారా? మీ పెద్దోడు కూడా సాక్ష్యం చెప్పేశాడు.”

అత్త నవ్వబోయి ఆగిపోయింది. ఎడమచేత్తో కోడలి తల మీద వెంట్రుకలు వెనక్కి తోసింది.

“సూది దిగింది ఎవరికే?” అంది.

“ఆ పొట్టిదానికి. కొత్తగా చేరింది, మీకు తెలియదు. రక్తపరీక్ష చేశారట. ఇంకో పరీక్ష ఉందట. అప్పటిదాకా ఏమీ చెప్పలేమన్నారు. పిల్లకి పాలివ్వడం ఆపేసింది.”

అత్త చెయ్యి వెనక్కి తీసుకుంది.

“మా రోజుల్లో కూడా సూదులు వచ్చేవి,” అంది. “నోరెత్తేవాళ్లం కాదు.”

“నోరెత్తితే తప్పంటారా?”

“తప్పనలేదు. పొద్దున చెప్తాను. పడుకో.”

“అత్తయ్యా...”

“చెప్తానన్నానా? పొద్దున.”

పెద్దకోడలు వంటింట్లోకి వెళ్లి చాప వేసుకుంది. డాబా మెట్ల మీద మరిది అడుగులు దిగాయి. అత్త గొంతు, మరిది గొంతు వినిపించాయి. మాటలు అర్థం కాలేదు. ఒకసారి మాత్రం మరిది, “నీకేమీ కాదమ్మా, నేనున్నాను గదా” అన్నాడు.

పొద్దున ఆమె లేచేసరికి అత్త మంచం మీద దుప్పటి మడతపెట్టి ఉంది. వాకిట్లో మరిది మోటారు సైకిల్ లేదు.

“మీ అమ్మ ఏది?” అని భర్తని అడిగింది.

పెయింటరు బ్రష్షులు సంచీలో పెట్టుకుంటున్నాడు. “తెల్లారగానే చిన్నోడితో వెళ్లింది.”

“ఎక్కడికి?”

“నేను అడగలేదు.”

“నీ తల్లి తెల్లారీ తెల్లారకుండా బండెక్కి వెళ్తుంటే ఎక్కడికని అడగలేదా?”

“అడిగితే చెబుతారు. చెబితే నీకు చెప్పాలి. నాకెందుకీ గొడవంతా?”

అతను నిచ్చెన భుజానికెత్తుకుని పనికి వెళ్లిపోయాడు.

పదకొండింటికి ఐదు నిమిషాల ముందు కార్మికశాఖ కార్యాలయం కింద ఆ మోటారు సైకిల్ కనిపించింది. మరిది దాని మీదే కూర్చుని ఉన్నాడు. వదినని చూసి ఫోన్ తీశాడు. పెద్దకోడలు అతని ముందునుంచే మెట్లెక్కింది. అతను తలెత్తలేదు.

గదిలో రెండు బెంచీలున్నాయి. ఒకదాని మీద లాండ్రీ ఆడవాళ్లు ఇరుక్కుని కూర్చున్నారు. రెండోదాని మీద కాంట్రాక్టరు లాయరు, ఆయన పక్కన అత్త. అత్త మరిది కొనిపెట్టిన చెప్పులు వేసుకుంది. కుడిచేయి ఒళ్లో ఉన్న సంచీ కింద ఉంది.

“అమ్మయ్య, వచ్చేసింది!” అంది రేడియో. వెంటనే ఏ బెంచీ మీదో చూసింది. “అక్కా, మీ అత్త దారితప్పి అటు కూర్చుందేంటి?”

పెద్దకోడలు ఆడవాళ్ల బెంచీ చివర కూర్చుంది.

అధికారి లోపలికి వచ్చి కళ్లజోడు పెట్టుకున్నాడు. కార్మికుల తరఫున సాక్షి ఎవరైనా ఉన్నారా అని అడిగాడు. లాయరమ్మ గడువు కావాలంది. అవతలి లాయరు లేచాడు.

“గడువు అక్కర్లేదండీ. మీరు కోరిన మనిషిని మేమే తెచ్చాం. ఆ లాండ్రీలో చాలా కాలం పనిచేసి రిటైరయ్యారు. ఇరుపక్షాలకీ సంబంధం లేని మనిషి.”

లాయరమ్మ అడ్డు చెప్పబోతే, మీ వంతు వచ్చాక అని అధికారి చేత్తో ఆపాడు. అత్త లేచింది. నిజమే చెబుతానని ప్రమాణం చేయించారు. చేసింది.

“అమ్మా, మీరు ఆ లాండ్రీలో ఏం పని చేసేవారు?” లాయరు అడిగాడు.

“రోలరు మీద.”

“షిఫ్టు అయిపోతే ఏమనేవారు?”

“దిగాం అనేవాళ్లం.”

“మానేశాం అనేవారా?”

“లేదు బాబూ. మానేయడం అంటే మానేయడమే.”

“మానేయ్ అని ఒక కేక ఉండేదట, ఎవరికో చెయ్యి కాలిందట. మీకేమైనా తెలుసా?”

“నేనెప్పుడూ వినలేదు.”

లాయరమ్మ లేచి, సాక్షి కుడిచేయి చూపించాలని కోరింది. అత్త సంచీ పక్కన పెట్టింది. చెయ్యి బల్ల మీద పెట్టింది. అధికారి ముందుకి వంగి చూశాడు.

“ఇది ఎలా జరిగిందమ్మా?” అన్నాడు.

“ఇంట్లో పొయ్యి మీద కాలింది బాబూ. పెళ్లికి ముందు.”

“థూ!” అంది రేడియో.

అధికారి ఆమెని బయటికి వెళ్లమన్నాడు. రేడియో వెళ్లింది. తలుపు అవతలినుంచి కూడా ఆమె గొంతు వినిపిస్తూనే ఉంది. గుమాస్తా లేచి తలుపు గడియ పెట్టాడు.

“సాక్షిని ప్రశ్నించే హక్కు మీకుంది,” అన్నాడు అధికారి లాయరమ్మతో.

లాయరమ్మ నోరు తెరిచేలోగా పెద్దకోడలు లేచి నిలబడింది. “నేను అడుగుతానండీ.”

“మీరు ఫిర్యాదుదారు. మీ లాయరు అడగాలి.”

“ఒక్కటే అడుగుతాను.”

అధికారి ఆమెనీ, అత్తనీ మార్చి మార్చి చూశాడు. కళ్లజోడు తీశాడు.

“మీ ఇద్దరికీ ముందే పరిచయం ఉన్నట్టుందే. ఈవిడ మీకేమవుతారు?”

పెద్దకోడలు అత్త వైపు చూసింది. అత్త అధికారి వైపు చూసింది.

“నేనేమీ కాను బాబూ,” అంది అత్త.

అధికారి ఆ మాట కూడా రాసుకున్నాడు.